పంపుషెడ్డు తలుపు

చనిపోయే ముందు ఆఫీసరు తనకు రెండుసార్లు ఫోన్ చేశాడన్న సంగతి లాయరమ్మ ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు. చెప్పకూడదని ఒట్టేమీ పెట్టుకోలేదు. నిన్న మధ్యాహ్నం కబురు తెలిసినప్పుడే చెప్పాల్సింది, అప్పుడు నోరు పెగల్లేదు. రాత్రి చెబుదామనుకుంది, రాత్రి కాస్తా తెల్లారిపోయింది. ఇప్పుడు చెబితే నిన్నెందుకు చెప్పలేదని అడుగుతారు. తప్పు చేసిన క్లయింట్లు తన ముందు కూర్చుని సరిగ్గా ఇలాగే నీళ్లు నమిలేవాళ్లు. వాళ్లను ఎంతగా చీదరించుకునేదో ఆవిడకే తెలుసు.

ఈ కేసు కోసం ఆవిడే పిలిపించిన, పక్కన కారు నడుపుతున్న డిటెక్టివుకి పోలీసులు పెట్టిన పేరు జిడ్డు. పట్టుకుంటే వదలడని. వాళ్లు తిట్టు కింద పెట్టిన పేరుని అతను బిరుదు కింద తీసుకున్నాడు. ఎవరైనా అలా పిలిస్తే హాయిగా పలుకుతాడు.

"మొదట్నుంచీ చెప్పండి," అన్నాడు. "నాకు కోర్టుల గొడవ తెలీదనుకోండి."

ఆవిడ చెప్పింది. క్లయింట్లు ఇద్దరు అన్నదమ్ములు. పొలం ఇద్దరి పేరునా ఉంది. అన్నకి కోతమిషన్‌లో పడి ఒక కాలు పోయింది, ఇక చేలో దిగలేడు. రోడ్డు పక్క పొలం కాబట్టి అందులో ట్రాక్టర్లు బాగుచేసే షెడ్డు వేసుకుని బతుకుదామనుకున్నాడు. సాగుభూమిలో షెడ్డు వెయ్యాలంటే ముందు దాన్ని సాగుభూముల లెక్కలోంచి మార్పించుకోవాలి. దరఖాస్తు పెట్టాడు. ఇస్తే ఇచ్చానని, లేకపోతే ఇవ్వనని ఆఫీసరు గడువులోగా తేల్చెయ్యాలని చట్టంలోనే ఉంది. గడువు దాటింది, మాటా లేదు పలుకూ లేదు. ఏడాది పైన తిరిగాడు. వెళ్లినప్పుడల్లా చూస్తున్నాం అనేవారు. చూసిందేమిటో ఎవరికీ తెలీదు.

అప్పుడు ఆవిడ హైకోర్టులో రిట్ వేసింది. మార్పిడి ఇచ్చి తీరమని కోర్టు చెప్పదు, అది ఆఫీసరు చేయాల్సిన పని. కానీ ఏదో ఒకటి తేల్చమని మాత్రం గట్టిగా చెబుతుంది. నెలలో తేల్చమంది. నెలా దాటిపోయింది. ఈసారి కోర్టు ధిక్కారం కింద పిటిషన్ వేసింది. జడ్జిగారికి ఒళ్లు మండి, ఆఫీసర్ని స్వయంగా వచ్చి సంజాయిషీ చెప్పుకోమన్నారు. ఆ వాయిదా రేపే. నిన్న అదే పొలంలో, పంపుషెడ్డు తలుపు ముందు, ఆఫీసరు శవమై దొరికాడు.

"అంటే కేసు మీరు గెలుస్తున్నట్టే."

"గెలుస్తున్నట్టే," అంది. ఆ మాట ఎప్పుడూ ఇంత చేదుగా లేదు.

పిటిషన్‌లో ఒక వాక్యం ఉంది. ఆఫీసరు స్వలాభం కోసమే కావాలని ఫైలు తొక్కిపెట్టాడని. టైపు చేస్తున్న గుమాస్తా తలెత్తి, దీనికి ఆధారం ఏమైనా ఉందా మేడమ్ అని అడిగితే, ఊరికే ఎవరయినా తొక్కిపెడతారా అని నవ్వింది. ధిక్కారం కేసు మొదటి వాయిదాలో ఆ వాక్యం పైకి చదువుతున్నప్పుడు వెనక వరసలో కూర్చున్న ఆఫీసరు కళ్లద్దాలు తీసి తుడుచుకోవడం ఆవిడ చూసింది. తగలాల్సిన చోట తగిలిందని అప్పుడు సంబరపడింది కూడా.

పొలం గట్టు దగ్గర పోలీసు జీపు ఆగి ఉంది. వెనక సీట్లో అన్న కూర్చున్నాడు, ఇనుప చంకకర్ర పక్కనే కానిస్టేబుల్ ఒళ్లో ఉంది. ఇన్‌స్పెక్టరు బానెట్‌కి ఆనుకుని టీ తాగుతున్నాడు. జిడ్డుని చూడగానే అతను మొహం చిట్లించాడు.

"ఏంటి గురువుగారూ, తీరిగ్గా వచ్చారు. కథ అయిపోయిందిగా."

"అయిపోయిన కథలంటేనే నాకిష్టం. అన్నీ ఒకచోట దొరుకుతాయి."

ఇన్‌స్పెక్టరు కథ చిన్నది, శుభ్రంగా ఉంది. ఆఫీసు వరండాలో పదిమంది ముందు అన్న, నీ చావు నా చేతుల్లోనే అని అరిచాడు. నిన్న ఆఫీసరు పొలం చూడ్డానికొచ్చాడు. తల మీద దెబ్బతో పడి ఉన్నాడు. శవం పక్కన మొదట కనిపించింది అన్నే. అడగ్గానే, చంకకర్రతో కొట్టానని ఒప్పుకున్నాడు. పోస్టుమార్టం రిపోర్టు సాయంత్రానికి వస్తుంది, ఈలోగా మనిషిని మేజిస్ట్రేటు ముందు పెట్టాలి.

"ఓ గంట మీది," అన్నాడు ఇన్‌స్పెక్టరు. "లాయరమ్మగారి మొహం చూసి ఇస్తున్నా."

ఆవిడ ఆ మొహం ఎటు తిప్పుకోవాలో తెలీక పొలం వైపు తిప్పుకుంది.

జిడ్డు ముందు ఆఫీసరు డ్రైవర్ని పట్టుకున్నాడు. అతను రోడ్డు మీద కారులోనే ఉన్నాడు. దూరం నుంచి చూసింది మాత్రం చెప్పాడు. సారు గట్టు మీద నడిచి వెళ్లారు, అక్కడ ఎవరో మనిషి కలిశాడు, ఎండ కళ్లలో పడుతుండడంతో మొహం తెలీలేదు. తర్వాత సారు ఫోను చెవి దగ్గర పెట్టుకున్నారు. కాసేపాగి మళ్లీ పెట్టుకున్నారు. ఆ తర్వాత షెడ్డు అవతలి వైపుకి వెళ్లిపోయారు, ఇక కనపడలేదు.

"ఎవరితో మాట్లాడారు?"

"మాట్లాడలేదు సార్. ఆయన మాట్లాడితే చెయ్యి గాల్లో తిరగాలి. దోసిట్లో నీళ్లున్నా సరే, చెయ్యి తిప్పకుండా మాట రాదాయనకి. నిన్న చెయ్యి కదల్లేదు. అవతల ఎత్తలేదనుకుంటా."

ఆఫీసరు ఫోను పక్కనే ఉన్న నీళ్లతొట్టిలో పడి తడిసి చచ్చిపోయింది. ఎవరికి చేశాడో కంపెనీ నుంచి వివరాలు రేపటికి గాని రావని ఇన్‌స్పెక్టరు చెప్పాడు. లాయరమ్మ హ్యాండ్‌బ్యాగు పట్టీని చేతికి రెండు చుట్లు చుట్టుకుంది. ఆయన ఫోన్ చేసినప్పుడు తను కోర్టు క్యాంటీన్లో ఉంది. ఆఫీసరు నంబరు చూడగానే తోటి లాయర్లకి చూపించి, దారికొచ్చాడు చూశారా అంది. ఎత్తలేదు. ఏదైనా ఉంటే జడ్జిగారి ముందే మాట్లాడుకుందాం అనుకుంది. రెండోసారి మోగితే సైలెంట్‌లో పెట్టి దోసె తింది. జిడ్డు ఒక్క క్షణం ఆవిడ చేతికేసి చూసి, పంపుషెడ్డు వైపు నడిచాడు.

షెడ్డు నాలుగు గోడల గది. ఇనుప తలుపు, పైన రేకు. తలుపు పక్కన సిమెంటు తొట్టి. తొట్టి అంచు మీద ఎండిపోయిన రక్తం మరక. ఇన్‌స్పెక్టరు తన ఫోన్లో తీసిన ఫొటోలు చూపించాడు. జిడ్డు శవాన్ని వదిలేసి ఫొటోలో ఒక మూలని పెద్దది చేశాడు.

"బూట్లు విప్పి గట్టు మీద జతగా పెట్టాడు. ఎందుకు?"

"అలిసిపోయి కూర్చున్నాడేమో."

"కొట్టించుకోబోయేవాడు తీరిగ్గా బూట్లు విప్పుకుంటాడా? బురదలో దిగేవాడు విప్పుకుంటాడు. కాళ్లు చూడండి, వేళ్ల సందుల్లో మట్టి."

"వానలు పడి ఎన్ని నెలలైంది! ఈ బీడులో బురదెక్కడిది?"

జిడ్డు షెడ్డు వెనక్కి వెళ్లాడు. అక్కడ ఎండుకొమ్మలు పెద్ద కుప్పగా పడి ఉన్నాయి. చూసేవాళ్లకి అది పొయ్యిలోకి దాచుకున్న కంప. అతను ఒక కొమ్మ లాగాడు, ఇంకోటి లాగాడు. కింద మిరప నారు. జానెడు ఎత్తున, ఒత్తుగా, పచ్చగా. మడంతా తడి.

లాయరమ్మ అక్కడే గట్టు మీద కూలబడింది. సాగులో లేని మెట్టభూమి అని తను హైకోర్టుకి రాసిచ్చింది. చేనికి కరెంటు కనెక్షన్ ఉంటే సాగుభూమి అంటారని తనే సలహా చెప్పి దాన్ని తీయించింది. స్తంభం నుంచి తీగ తెంచిన ఫొటో కూడా పిటిషన్‌కి జతచేసింది. ఆ ఫొటో తీయించిన మనిషి ఒక్కసారి షెడ్డు వెనక్కి వచ్చి చూడలేదు. తనూ రాలేదు. రోడ్డు మీంచి చూస్తే అంతా బీడుగానే కనిపించింది మరి.

"కనెక్షనే లేనప్పుడు నీళ్లెలా వచ్చాయి?" జిడ్డు అడిగాడు.

"బిందెలతో పోసుంటారు," ఇన్‌స్పెక్టరు విసుక్కున్నాడు. "ఇది నారుమడి కేసు కాదు, హత్య కేసు. ఒప్పుకున్నవాడు జీపులో ఉన్నాడు. మీకు ఫీజు కావాలంటే ఇంకేదైనా డిటెక్టివ్ పని చూసుకోండి."

"ఈ తలుపు తీసి లోపల చూశారా?"

"కిటికీలోంచి చూశాం. మోటారు తప్ప ఏం లేదు. శవం బయటుంటే లోపలెందుకు వెతకడం?"

"మంచిపని చేశారు," అన్నాడు జిడ్డు. ఎగతాళి చేశాడో మెచ్చుకున్నాడో ఇన్‌స్పెక్టరుకి అర్థం కాలేదు.

పొలం చివరే అన్నదమ్ముల ఇల్లు. అన్న భార్య గుమ్మంలో నిలబడి ఉంది. ఏడ్చి ఏడ్చి మొహం ఉబ్బింది. జిడ్డు అడక్కుండానే అంతా తన తప్పేనంది. షెడ్డు వేద్దామని మొదట అన్నది తనేనట, ఆ మాట అనకపోతే ఇంతదాకా వచ్చేది కాదట. ఆఫీసరు వచ్చాడని తెలిసి మొగుణ్ని వెళ్లి కాళ్లో వేళ్లో పట్టుకోమని తోసింది కూడా తనేనట. మాటకీ మాటకీ మధ్య మరిది వంక చూస్తోంది. తమ్ముడు గోడకి చేరబడి నేల చూపులు చూస్తున్నాడు. పల్చటి మనిషి, చేతుల నిండా ఎండిన మట్టి. నిన్న ఎక్కడున్నావంటే ఇంట్లోనే అన్నాడు. ప్రశ్న పూర్తి కాకముందే అన్నాడు.

లాయరమ్మ అతన్ని చూస్తూ ఉండిపోయింది. పిటిషన్ మీద, అఫిడవిట్ మీద, వకాలత్ మీద అన్న సంతకం పక్కనే ఇతని సంతకం కూడా ఉంది. ఇతను వచ్చినప్పుడల్లా సంతకం ఎక్కడ పెట్టాలో వేలు పెట్టి చూపించింది. నీ మనసులో ఏముంది అని ఒక్కరోజు కూడా అడగలేదు.

జిడ్డు ఇల్లంతా తిరిగి పెరట్లోకి వెళ్లాడు. పాత పశువుల కొట్టం, లోపల పశువుల్లేవు. సున్నం పెచ్చులూడిన గోడకి తళతళలాడుతూ కొత్త స్విచ్ ఒకటి ఉంది.

"దీని బల్బేదీ?"

"కాలిపోతే తీసేశామండీ," అన్నాడు తమ్ముడు.

"హోల్డరు కూడా కాలిందా?"

జిడ్డు టక్కున స్విచ్ వేశాడు. ఎక్కడా ఏమీ వెలగలేదు. తమ్ముడు గబుక్కున దాన్ని ఆర్పడానికి చెయ్యి చాచాడు.

"ఉండనీ బాబూ. బల్బే లేనప్పుడు బిల్లెక్కువ వచ్చేదేముంది?"

చేతులు కడుక్కొస్తానని చెప్పి జిడ్డు ఇంటి పక్కకి వెళ్లాడు. చేతులకి అంత మురికేం అంటిందో గాని, చాలాసేపు పట్టింది. ఇన్‌స్పెక్టరు జిడ్డు కోరిన మీదట తమ్ముణ్ని కూడా రమ్మని, ఇద్దరు కానిస్టేబుళ్లని వెంటబెట్టి అందర్నీ మళ్లీ పంపుషెడ్డు దగ్గరికి నడిపించాడు. తమ్ముడు నాలుగడుగులకోసారి వెనక్కి తిరిగి కొట్టం వైపు చూశాడు.

జిడ్డు అన్నని జీపులోంచి దింపించి, చంకకర్ర అతని చేతికే ఇప్పించాడు.

"ఇక్కడే కొట్టానన్నావు. ఎలా కొట్టావో చూపించు."

అన్న కర్ర ఎత్తాడు. ఎత్తగానే ఆ ఒంటికాలి మీద నిలవలేక తూలిపోయాడు, లాయరమ్మ పట్టుకుంది. ఇన్‌స్పెక్టరు దవడ బిగించాడు. తొట్టికి ఆనుకుని కొట్టుంటాడని సర్దిచెప్పాడు. సరే అలాగే అనుకుందాం అన్నాడు జిడ్డు. మరి కొట్టే ముందు ఆఫీసరు ఎక్కడ నిలబడ్డాడని అడిగాడు. అన్న తడుముకుని, తలుపు దగ్గరన్నాడు.

"తలుపు తీసి ఉందా, వేసి ఉందా?"

"తీసి... వేసే ఉంది."

"అయితే గొళ్లెం నువ్వే తియ్యి. లోపల ఏముందో చూద్దాం. ఇన్‌స్పెక్టరుగారూ, మీకేమైనా అభ్యంతరమా?"

"తియ్యమనండి. త్వరగా కానివ్వండి."

అన్న చెప్పులేని కాలిని తొట్టి పక్క తడిమట్టిలో ఆనించి, చంకకర్ర మీద బరువు వేసి వంగాడు. ఎడమ చెయ్యి గొళ్లెం వైపు చాచాడు. వెనక నుంచి గుండె జలదరించే కేక వినిపించింది.

"అన్నా! ముట్టుకోకు!"

తమ్ముడు కానిస్టేబుళ్లని తోసుకుని వచ్చి అన్నని నడుం పట్టుకుని వెనక్కి లాగాడు. ఇద్దరూ కలిసి ఆ తడిమట్టిలో పడ్డారు.

జిడ్డు ముందుకి నడిచి, అదే తలుపుని అరచేత్తో రెండుసార్లు తట్టాడు. రెండో చెయ్యి జేబులోంచి తీశాడు. అందులో పింగాణీ ఫ్యూజు ఉంది.

"కొట్టం స్విచ్‌కి వెళ్లేది ఇదే. పీకేశాను. భయపడకు, తలుపులో కరెంటు లేదు. కానీ ఉందని నీకెలా తెలుసు బాబూ? నిన్నటి నుంచీ అందరూ తలమీద దెబ్బ అనే చెప్పుకుంటున్నారు. మీ అన్న కొట్టానంటున్నాడు, ఇన్‌స్పెక్టరు నమ్మానంటున్నాడు. కరెంటు మాట ఎత్తిన మనిషి ఇంతవరకు లేడు."

ఇన్‌స్పెక్టరు టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు. గొళ్లెం తీసి చూస్తే గడప కింద మట్టిలోంచి నల్ల తీగ ఒకటి లోపలికి పాకి ఉంది. తలుపు అంచుకి రాసుకుని రాసుకుని దాని పైతోలు ఊడిపోయింది.

తమ్ముడు ఆ మట్టిలోనే కూర్చుని చెప్పాడు. అన్నకి కాలు పోయాక కుటుంబం అంతా ఒక్క మాట మీదుంది, పొలం మార్చేద్దామని. వద్దనడానికి తనకి నోరు రాలేదు. కాలు పోయినవాడి ముందు నా పొలం నా పొలం అని ఎలా అంటాడు? సంతకం పెట్టేశాడు. పెట్టి, ఒంటరిగా ఆఫీసరు దగ్గరికెళ్లి బతిమాలుకున్నాడు. ఒక్క పంట చేతికొచ్చేదాకా ఆపండి సార్, ఈలోగా ఎక్కడైనా కౌలుకి నేల చూసుకుంటాను, మా అన్నకి మాత్రం చెప్పకండి అని. ఆఫీసరు సరేనన్నాడు. ఆ పంట అయ్యాక ఇంకొకటి అడిగాడు. దానికీ సరేనన్నాడు. కాదనడం ఆయనకి చేతకాలేదు. కనెక్షన్ తీశాక ఇంట్లోంచి దొంగతనంగా తీగ లాగి నారు పెంచుకున్నాడు.

"నిన్న ఆయన వచ్చి, ఇక నావల్ల కాదు, ఎల్లుండి కోర్టులో నిలబడాలన్నారు," అన్నాడు తమ్ముడు. "లాయరుకి ఫోన్ చేస్తా, తప్పు నాదేనని ఒప్పుకుంటా, ఇద్దరం కలిసి ఒక్క నెల గడువడుగుదాం అన్నారు. నీ పేరు బయటికి రానివ్వనన్నారు. చేశారు. ఎత్తలేదు. మళ్లీ చేశారు. పోనీలే, కనీసం నారెంత ఉందో చూసి జడ్జిగారికి నిజం చెబుతా అని బూట్లు విప్పారు. తీగలో కరెంటుంది. ఇంటి కరెంటు దొంగచాటుగా వాడుతున్నానని చెప్పడానికి సిగ్గేసింది. ఇక్కడే ఉండండి సార్, ఇప్పుడే వస్తానని ఇంటికి పరిగెత్తా, స్విచ్ ఆపడానికి. తిరిగొచ్చేసరికి తలుపు ముట్టుకుని, తొట్టి అంచుకి తల కొట్టుకుని పడిపోయున్నారు. ఉండండి అన్నానే గాని, ముట్టుకోకండి అనలేదు. ఆ ఒక్క మాట అనలేదు."

అన్న మోకాలి మీద పాకి వచ్చి తమ్ముడి తల తన గుండెకి ఆనించుకున్నాడు. నువ్వు పరిగెత్తడం చూసి నువ్వే కొట్టావనుకున్నానురా అన్నాడు. నాతో ఒక్క ముక్క చెప్పుంటే ఆ షెడ్డు మొహాన మట్టి కొట్టేవాణ్ని కదరా అన్నాడు.

ఇన్‌స్పెక్టరు గొంతు సవరించుకున్నాడు. తమ్ముణ్ని స్టేషన్‌కి తీసుకెళ్లక తప్పదనీ, హత్య కాకపోయినా ప్రాణం పోయిందనీ మెల్లిగా చెప్పాడు. అన్న చేతిలోంచి తమ్ముణ్ని విడదియ్యమని మాత్రం కానిస్టేబుళ్లకి చెప్పలేదు, కాసేపు అలా ఉండనిచ్చాడు. తర్వాత పుస్తకం తెరిచి, చివరికొక్కటి మిగిలిందన్నాడు.

"ఆయన ఫోన్ చేసిన లాయరు ఎవరు?"

తమ్ముడు తలెత్తలేదు. చెప్పే ఉద్దేశం అతనికి లేదు. ఇప్పుడు కూడా ఒకరి పేరు బయటపెట్టడానికి అతనికి నోరు రావడం లేదని లాయరమ్మకి అర్థమైంది. రేపు కంపెనీ వాళ్ల వివరాలు ఎలాగూ వస్తాయి. కానీ రేపటిదాకా ఆగడం ఇక ఆవిడ వల్ల కాలేదు.

"నాకే," అంది. "రెండుసార్లు చేశారు. చూసి కూడా ఎత్తలేదు."

బ్యాగులోంచి ఫోన్ తీసి ఇన్‌స్పెక్టరుకి ఇచ్చింది. జిడ్డు ఆశ్చర్యపోలేదు. డ్రైవరు మాట్లాడినప్పుడే తెలిసిందనీ, మీరే చెబుతారని చూస్తున్నాననీ అన్నాడు. ఆ మాట తిట్టినట్టుంటే ఆవిడకి కాస్త తేలిగ్గా ఉండేది. అతను మామూలుగా అన్నాడు.

"రేపు కేసు వెనక్కి తీసుకుంటాను," అంది ఆవిడ. "మనిషే లేనప్పుడు ధిక్కారం ఏముంటుంది?"

"తీసుకోండి. కానీ మీరు రాసిన ఆ వాక్యం కోర్టు ఫైల్లో అలాగే ఉండిపోతుంది, స్వలాభం కోసమని. ఆయన భార్యాపిల్లలు ఎప్పుడైనా నకలు తీసుకుంటే అదే చదువుకుంటారు." జిడ్డు ఫ్యూజుని ఇన్‌స్పెక్టరు చేతిలో పెట్టి, గట్టు మీద జతగా ఉన్న బూట్ల గుర్తుల్ని తొక్కకుండా పక్కకి అడుగేశాడు. "రేపు పేరు పిలిచినప్పుడు అవతల సంజాయిషీ చెప్పేవాడు ఉండడు. ఆయన ఏం చెబుదామనుకున్నాడో పూర్తిగా విన్న లాయరు మీరొక్కరే. ఆయన తరఫున కూడా మీరే నిలబడాలి."